నీలిబానలోంచి తీసిన గుడ్డ గాలి తగిలాకే నీలమవుతుంది. మన ఎరుక కూడా అంతేనా?

నీలిబాన (తెల్లవారుజాము 5:10)

అందరికీ నమస్కారమండి. చాలాకాలంగా ఇక్కడ చదువుతున్నవాణ్నే గాని రాయడం ఇదే మొదలు. మాది బండారులంక దగ్గర చేనేత ఇల్లు. మగ్గం అన్నయ్యది, అద్దకం నాది. మా తాత తగిరిస గింజలు ఉడకబెట్టి, సున్నం కలిపి నీలిబాన పులియబెట్టేవాడు. రంగుపొడులొచ్చాక ఆ బాన మూలపడింది. పన్నెండేళ్ల కిందట నేను మళ్లీ పెట్టాను. అప్పట్నుంచీ బాన దగ్గర కూర్చుని కూర్చుని నాకొక ఆలోచన పట్టుబడింది. ఇది ఏ గురువూ ఉపదేశించింది కాదు. తప్పయితే తప్పని చెప్పండి.

నీలిబాన చూడనివాళ్లకి ముందు అదేంటో చెప్పాలి. బానలో నీళ్లు నీలంగా ఉండవండి. పైన రాగిమెరుపుతో ఒక నీలి పొర, కాస్త నురగ ఉంటాయి. ఆ పొరని పక్కకి నెట్టి చూస్తే కింద పసుపూ ఆకుపచ్చా కలిసిన నీళ్లు. గుడ్డని చడీచప్పుడు లేకుండా ముంచాలి, నీళ్లు చిమ్మకూడదు, బానలోకి గాలి పోతే రంగు చెడుతుంది. కాసేపుంచి పైకి తీస్తే గుడ్డ కూడా చిలకపచ్చగానే ఉంటుంది. అప్పుడు గాలి తగులుతుంది. ముందు అంచులు, తర్వాత మడతలు, మనం చూస్తుండగానే మొత్తం నీలమైపోతుంది. ఆ కాసేపు నేను పని ఆపేస్తాను. పన్నెండేళ్లయినా ఒక్కసారి కూడా ఆ వేళప్పుడు కళ్లు పక్కకి తిప్పలేకపోయాను.

ఇంకో సంగతి. ముదురు నీలం కావాలంటే గుడ్డని బానలో రాత్రంతా నానబెట్టినా రాదు. ముంచాలి, తీయాలి, గాలి పీల్చనివ్వాలి, మళ్లీ ముంచాలి. ఎన్నిసార్లు ఊపిరి పీలిస్తే అంత ముదురు.

ఇక్కణ్నుంచి నా మాట. రంగు అంటే ఊపిరి తగిలిన చోటు. రక్తం గాలి అందితే ఎర్రబడుతుంది. ఆకు పచ్చగా ఉన్నంతసేపే మనకి గాలినిస్తుంది. ఊపిరి నడిచే ప్రతి చోటా రంగు దాని ఆనవాలుగా నిలబడుతోంది. ఎరుక కూడా బానలోని నీలి లాంటిదని నా నమ్మకం. అడుగున కరిగి, కనబడకుండా, పసుపో పచ్చో తేలని స్థితిలో ఉంటుంది. దాన్ని పైకి తీసి ఊపిరి తగలనిస్తే ఆ రంగు 'నేను చూస్తున్నాను' అన్న మెలకువ అవుతుంది. గుడ్డ ఇంకా నీలం కాని ఆ కొద్దిసేపటికి నేను ఆకుపచ్చ నిమిషం అని పేరు పెట్టుకున్నాను. మనిషికి కూడా ప్రతి ఊపిరి మొదట్లో అలాంటి క్షణం ఒకటుంటుంది. రంగు కనబడుతుంది గాని దాని పేరు ఇంకా తట్టదు.

సాధన అని పెద్ద మాటెందుకు గాని, రోజూ తెల్లారకముందు ఏటిగట్టు మీద కూర్చుంటాను. ఊపిరి బిగబట్టను, లెక్కపెట్టను. లోపలికెళ్లే ఒక్కో ఊపిరితో గుడ్డని బానలోంచి ఎత్తుతున్నట్టు అనుకుంటాను, అంతే. ఎదురుగా కొబ్బరాకు పచ్చ అప్పుడే పుడుతున్నట్టు కనబడిన రోజులున్నాయి. ఆ రోజుల్లో ఎవరి మీదా కోపం రాలేదు.

పోటునీరు (ఉదయం 6:25)

అన్నా, నేను యానాం అవతల వేట చేస్తాను. నాలుగున్నరకి నావ తీసేటప్పటికి నా ఎర్ర తువ్వాలు కూడా నల్లగానే ఉంటుంది. ముందు నీలాలు, పచ్చలు తేలతాయి. ఎరుపు అన్నిటికన్నా ఆఖరున వస్తుంది. ఇన్నేళ్లూ చూస్తున్నాను గాని ఎందుకలాగని ఎవర్నీ అడగలేదు.

నువ్వు ఊపిరి అన్నావు గదా, మా గోదారి రోజుకి రెండుసార్లు పీల్చి రెండుసార్లు వదుల్తుంది. ఆరు గంటల పైచిలుకు పోటు, ఆరు గంటల పైచిలుకు పాటు. పోటు మీద సముద్రపు పచ్చనీరు గౌతమిలోకి ఎక్కుతుంది. పాటు మీద మట్టినీరు దిగుతుంది. పోటుకీ పాటుకీ మధ్య నీరు కాసేపు ఎటూ పోదు. అప్పుడు నీటికి ఫలానా రంగని చెప్పలేం. నీ ఆకుపచ్చ నిమిషం అదేనేమో. ఎర్రనీరు దిగిన రోజుల్లో మాత్రం ఈ లెక్కలేవీ చెల్లవు. వరద ఊపిరి తీసుకోనివ్వదు, వదలడమే.

జపాకుసుమం (ఉదయం 9:50)

నీలిబాన గారూ, మీ వర్ణన చదివి చాలాసేపు అలాగే ఉండిపోయాను. అయినా ఒప్పుకోలేని చోట ఒప్పుకోలేనని చెప్పడమే మర్యాద.

మా తండ్రిగారు ద్రాక్షారామంలో వేదాంత పాఠం చెప్పేవారు. రంగుకీ ప్రాణానికీ సంబంధం పెట్టిన మొదటివారు మీరు కారు. ఛాందోగ్యోపనిషత్తు ఎనిమిదో అధ్యాయంలో హృదయనాడులకి పింగళ, శుక్ల, నీల, పీత, లోహిత వర్ణాలు చెప్పి, సూర్యుడిలోనూ అవే ఉన్నాయన్నారు. ఆ నాడులూ కిరణాలూ రెండు ఊళ్లని కలిపే దారిలా ఉంటాయట. కాబట్టి మీ ఆలోచనకి చుట్టరికం ఉంది, బెంగపడకండి.

నాకు రెండు ఆక్షేపణలు. ఒకటి: ఎరుకకి రంగు పుడుతుందంటున్నారు. పెద్దల మాట అది కాదు. స్ఫటికం పక్కన మందారం పెడితే స్ఫటికం ఎర్రగా కనబడుతుంది. పువ్వు తీసేస్తే మళ్లీ తెల్లన. ఎరుక ఆ స్ఫటికం. దానికి ఏ రంగూ పట్టదు. రెండు: నిద్రలో కూడా ఊపిరి ఆడుతూనే ఉంటుంది. రోజుకి 21,600 శ్వాసలని పాత లెక్క, నిమిషానికి 15. అందులో మూడో వంతు నిద్రలోనే గడిచిపోతాయి. ఊపిరి తగిలితేనే ఎరుక రంగెక్కేటట్టయితే, గాఢనిద్రలో ఆ రంగు ఎక్కడికి పోయింది?

సున్నపుతేట (మధ్యాహ్నం 1:15)

ముప్పై ఏళ్లు హైస్కూల్లో సైన్సు చెప్పి రిటైరైనవాణ్ని. ఇందులో నాకు తెలిసినంత మేరకు చెబుతాను.

పోటునీరు గారూ, మీరు చూసింది నిజం. మసకవెలుతురులో పనిచేసే కణాలు కంట్లో వేరే ఉంటాయి. వాటికి రంగు తెలియదు, పైగా ఎర్రని వెలుతురు వాటికి దాదాపు ఆనదు. అందుకే ఎరుపు ఆఖరున తేలుతుంది.

నీలిబాన గారి బాన సంగతి కూడా ముమ్మాటికీ నిజం. నీలి అనేది నీళ్లలో కరగదు. పులిసిన బానలో ప్రాణవాయువు లేకుండా పోయి, నీలి రూపం మారి, కరిగే పచ్చనిదవుతుంది. గాలిలోని ఆక్సిజన్ తగలగానే మళ్లీ కరగని నీలమై నూలులోపలే చిక్కుకుంటుంది. రక్తం సంగతీ అంతే, అయితే ఒక చిన్న సవరణ. గాలి అందని రక్తం నీలంగా ఉండదు, ముదురెరుపుగా ఉంటుంది. చర్మం కింది నుంచి నరాలు నీలంగా కనబడటం వెలుతురు వల్ల. మీరు చెప్పకుండా వదిలేసింది ఒకటుంది, అదే నాకు అన్నిటికన్నా అందం. రక్తానికి ఎరుపునిచ్చే పదార్థమూ ఆకుకి పచ్చదనమిచ్చే పదార్థమూ దాదాపు ఒకే చట్రం మీద కట్టినవి. దీని నడుమ ఇనుము, దాని నడుమ మెగ్నీషియం. మనమూ వరిచేనూ దాయాదులం.

ఇప్పుడు మీకు నచ్చని మాట. పసుపులో సున్నం కలిపితే ఎర్రని పారాణి అవుతుంది. అందులో ఊపిరేది? గాలి లేని సీసాలో కలిపినా ఎర్రబడుతుంది. కాబట్టి 'రంగు అంటే ఊపిరి తగిలిన చోటు' అని అన్ని రంగులకీ చెప్పడం కుదరదు.

నీలిబాన (రాత్రి 8:40)

మాస్టారూ, పారాణి దెబ్బ గట్టిగా తగిలిందండి. మధ్యాహ్నం నుంచీ ఆలోచిస్తున్నాను, జవాబు దొరకలేదు. దొరికినట్టు రాయను.

జపాకుసుమం గారూ, నిద్ర గురించి అడిగారు. బాన మీద నీలి పొర ఉంటుందన్నాను గదా. నేను పడుకున్నా, ఊరెళ్లినా, పైపొరకి గాలి తగులుతూనే ఉంటుంది. అందుకే అది నీలం, కిందంతా పచ్చ. నిద్రలో ఊపిరి ఆ పైపొర దాకానే వస్తుంది. కలల్లో కనబడే రంగులు ఆ పొరవే. అడుగునున్నదానికి గాలి తగలాలంటే ఎవరో ఒకరు గుడ్డ ముంచి ఎత్తాలి. ఎత్తడమంటే నా లెక్కలో ధ్యాస పెట్టడం. గాలి ఒక్కటే చాలదు.

స్ఫటికం మాట మాత్రం, పెద్దలంటే గౌరవం ఉన్నా, నాకు ఒప్పుదల కాదండి. మందారం తీసేస్తే స్ఫటికానికి ఏమీ మిగలదు. మా అమ్మ పోయి ఆరేళ్లయింది. ఆవిడ పక్కన పెట్టి తీసేసిన పువ్వు కాదు. నూలులోకి దిగిన రంగు. నన్ను ఉతికినా పోదు, పోవాలని నేను అనుకోను కూడా. ఏ రంగూ పట్టని ఎరుక ఉంటే ఉండొచ్చు గాని, అది ఎవరూ కట్టుకోని గుడ్డ.

జపాకుసుమం (రాత్రి 9:30)

అమ్మగారి మాట దగ్గర నా వాదం ఆపేస్తున్నాను. ఓడిపోయి కాదు. దాని మీద నాలుగు రోజులు మననం చేయాలి.

లేసుపని (రాత్రి 10:05)

నేను నరసాపురం దగ్గర లేసు అల్లుతానండి, తెల్లనూలుతో. మా అత్తగారు చెప్పేవారు, మాధవాయపాలెం గుడ్డ ఒకప్పుడు ఓడలెక్కి దేశాలు తిరిగిందని, ఆ ఊరి పేరే ఆ తెల్లగుడ్డకి పెట్టుకున్నారని. రంగు గురించి ఇన్ని మాటలు నడుస్తుంటే తెలుపు తరఫున ఒక్కరూ లేరని రాస్తున్నాను.

వంటింట్లో మాకు రోజూ తెలిసేదే. అరటికాయ తరిగి వదిలేస్తే గాలికి నల్లబడుతుంది, అందుకే మజ్జిగ నీళ్లలో వేస్తాం. అది సరే. మాస్టారు పారాణి అన్నారు. పారాణిలో పసుపు కన్నా సున్నమే గదండీ గడుసుది. మా చిన్నప్పుడు ఆల్చిప్పలు, గుల్లలు బట్టీలో కాల్చి గుల్లసున్నం చేసేవారు. కాల్చిన గుల్లని చేత్తో పట్టుకుంటే బరువు తగ్గిపోయి ఉండేది. అందులోంచి ఏదో పోయింది గదా! పోయినదేంటి?

సున్నపుతేట (రాత్రి 10:40)

అమ్మా, నిద్రపోబోతూ మీ ప్రశ్న చూసి లేచి కూర్చున్నాను.

పోయింది బొగ్గుపులుసు గాలి. మనం వదిలే ఊపిరిలో ఉండేది అదే. గుల్ల అనేది నీళ్లలో కరిగిన ఆ గాలినే సున్నంతో కలిపి నత్తలూ ఆల్చిప్పలూ కట్టుకున్న ఇల్లు. బట్టీలో అది ఆ గాలిని వదిలేసి తేలికవుతుంది. నీళ్లు పోసి విరిచి గోడకి కొడితే, రోజుల తరబడి చుట్టూ ఉన్న అదే గాలిని మళ్లీ తాగి రాయిలా గట్టిపడుతుంది. అంటే సున్నం ఊపిరి తీసేసిన గుల్ల. పోయిన ఊపిరి కోసం ఆకలితో ఉంటుంది.

నా పేరెందుకు ఇలా పెట్టుకున్నానో ఇప్పుడు చెప్పాలి. ఏటేటా పిల్లలతో చేయించేవాణ్ని. గాజుగ్లాసులో సున్నపుతేట, అందులో ఒక గొట్టం, మెల్లగా ఊదమనేవాణ్ని. పదిసార్లు ఊదేలోపు తేట పాలలా తెల్లబడిపోయేది. పిల్లలు తమ ఊపిరి తమకే కనబడినందుకు కేరింతలు కొట్టేవారు. పీల్చిన ఊపిరి ఎరుపు, వదిలిన ఊపిరి తెలుపు. ముప్పై ఏళ్లు ఈ రెండు పాఠాలూ వేర్వేరు నెలల్లో చెప్పాను, పక్కపక్కన పెట్టాలని తోచలేదు.

అయినా నిజాయితీగా ఉండాలి. పారాణి ఎరుపు ఇప్పటికీ ఊపిరి వల్ల వచ్చింది కాదు. సున్నం క్షారగుణం వల్ల పసుపు మారుతోంది. అమ్మ మాట సున్నం కథని తెరిచింది, పారాణి ముడి మాత్రం అలాగే ఉంది.

దాళ్వారైతు (మరునాడు ఉదయం 7:00)

మాటలు బాగున్నాయండి. నేను మట్టి చెబుతాను. చేలో నీళ్లు నిలబెట్టాక పైన పల్చగా గోధుమరంగు మట్టి. వేలు దించితే కింద బూడిదరంగు, ఇంకా కిందకి పోతే నలుపు, కుళ్లిన గుడ్డు వాసన. గాలి లేకే అలా నల్లబడుతుంది. ఆ నల్లమట్టిలో వరి ఎలా బతుకుతోందంటే, ఆకు పీల్చిన గాలిని గొట్టంలాంటి కాడలోంచి వేళ్ల దాకా దించుకుంటుంది. వేరు చుట్టూ మట్టిలో ఇనుము ఆ గాలి తగిలి తుప్పురంగుకి తిరుగుతుంది. దుబ్బు పీకి కడిగితే వేళ్ల మీద ఆ ఎర్రపూత కనబడుతుంది. వేళ్లు నల్లబడ్డాయంటే ఊపిరాడట్లేదని లెక్క, నీళ్లు తీసి చేను ఆరబెడతాం. కోరంగి మడ అడవుల్లో అయితే చెట్లు ఊపిరి కోసం వేళ్లనే బురదలోంచి పైకి పొడుచుకొస్తాయి.

మా పచ్చ అన్న మాట కూడా చూడండి. నాట్లప్పుడు పచ్చ, కోతలప్పుడూ పచ్చే. ఒకటి ఆకుపచ్చ, ఇంకొకటి పసుపుపచ్చ. మన భాష రెంటికీ ఒకే పేరు పెట్టింది. నీలిబాన గారి బానలో ఉన్నది ఏ పచ్చో తేలకపోవడానికి కారణం అదేనేమో.

రాత్రిడ్యూటీ (మధ్యాహ్నం 3:20)

నేను నర్సుని. ఈ చర్చ రెండు రోజులుగా చదువుతున్నాను, రాయాలా వద్దా అని ఆగాను.

2021లో రెండో విడత కరోనా వచ్చినప్పుడు ప్రతి ఇంట్లో వేలికి పెట్టుకునే ఆక్సీమీటర్ గుర్తుందా? అది ఊపిరిని ఎలా కొలుస్తుందో చాలామందికి తెలియదు. వేల్లోంచి ఒక ఎర్రని వెలుతురు, కంటికి కనబడని ఇంకో వెలుతురు పంపుతుంది. గాలి అందిన రక్తం ఒకలా, అందనిది ఇంకోలా ఆ వెలుతురుని పీల్చుకుంటాయి. అంటే అది రక్తం రంగు చూసి ఊపిరి ఎంతుందో చెబుతుంది. నీలిబాన గారు బాన దగ్గర కనిపెట్టిందే ఆ చిన్న పెట్టెలో ఉంది.

ఆ వేసవిలో ఒక రాత్రి ఒక మామ్మగారి పెదవులు, గోళ్లు నీలిగా తిరిగాయి. మనవడు పేరు పెట్టి పిలుస్తుంటే ఎటో చూస్తున్నారు, ఎవరో గుర్తుపట్టట్లేదు. ఆక్సిజన్ పెట్టాక గోళ్లలోకి గులాబిరంగు తిరిగొచ్చింది. ఆ తర్వాత కాసేపటికి 'ఒరేయ్, తిన్నావా?' అన్నారు. ఊపిరి, తర్వాత రంగు, తర్వాత ఎరుక. ఆ వరసని నేను కళ్లారా చూశాను. తిరిగి రాని రంగుల్నీ చూశాను, వాటి గురించి రాయలేను.

ఒక్క మనవి. ఇది చదివి ఎవరూ ఊపిరి బిగబట్టే ప్రయోగాలు చేయకండి. ఉబ్బసం, గుండెజబ్బు ఉన్నవాళ్లు అసలు వద్దు. నీలిబాన గారు బిగబట్టనన్నారు, ఆ ఒక్క మాట చూసే నాకు ఆయన మీద నమ్మకం కుదిరింది.

నీలిబాన (మధ్యాహ్నం 4:05)

అమ్మా, మీ చేతులకి నమస్కారం. నా మాటలో ఒక వరస తక్కువని మీవల్ల తెలిసింది. ఎరుక ముందని, రంగు తర్వాతని రాశాను. మీరు చూసిన వరసలో రంగే ముందొచ్చింది. అది సరిదిద్దుకుంటాను.

పోటునీరు (సాయంత్రం 6:10)

మా ఆవిడ భీమవరం గునుపూడి సోమారామం గురించి రాయమంది. అక్కడ లింగం పున్నమికి తెల్లగా, అమావాస్యకి నల్లబడి కనబడుతుందంటారు. పున్నమికీ అమావాస్యకీ మా దగ్గర పోటు ఎక్కువ. చంద్రుడు నీటిని లాగితే పోటు, రాతిని లాగితే రంగు అంటుంది ఆవిడ. నాకు తెలీదు, చెప్పమంది చెప్పాను.

జపాకుసుమం (రాత్రి 8:15)

మననంలో ఒకటి తట్టింది. ఎఱుక, ఎఱుపు, రెంటిలోనూ పాత రాతలో బండి ఱ ఉంది. ఒకే ధాతువని నేను చెప్పను, శబ్దం కలిసినంత మాత్రాన చుట్టరికం కాదు. కాని రాత్రిడ్యూటీ గారి పోస్టు చదివాక ఆ రెండు మాటల్నీ పక్కపక్కన రాసుకుని చాలాసేపు చూశాను. స్ఫటికం మాట వదల్లేదు. అయితే స్ఫటికాన్ని ఎప్పుడూ ఎండలో పెట్టి చూశానే గాని, దాని మీద ఊపిరి ఊది చూడలేదు.

చేతికర్ర (రాత్రి 9:00)

నేను ఈ చర్చని ఫోన్ చదివి వినిపిస్తుంటే వింటున్నానండి. నాకు చూపు పోయి పదకొండేళ్లు. మాది అంబాజీపేట దగ్గర. మీరందరూ రంగంటే ఎరుక అంటుంటే మొదట కాస్త నొచ్చుకున్నాను. మరి నా ఎరుకకి గాలి తగలట్లేదా?

కలల్లో ఇంకా రంగులొస్తాయి. మొదట్లో అన్నీ వచ్చేవి. ఏటేటా ఒక్కోటి వెలిసిపోతోంది. మా గోడల పసుపు పోయింది, మా అమ్మాయి లంగా ఊదా పోయింది. నీలం పోయి ఎన్నాళ్లయిందో కూడా గుర్తులేదు. ఎరుపొక్కటే గట్టిగా ఉంది. నీలిబాన గారూ, మీ బాన దగ్గర కూర్చోవచ్చా? నాకేమీ కనబడదు. అయినా కూర్చోవాలనుంది.

నీలిబాన (రాత్రి 9:10)

ఎల్లుండి పొద్దున్న వచ్చేయండి. ఆ రోజు బాన తీస్తాను. వంతెన దగ్గరికి నేనే వచ్చి తీసుకెళ్తాను.

చేతికర్ర (నాలుగో రోజు మధ్యాహ్నం 12:30)

వెళ్లొచ్చానండి. మా అమ్మాయి టైపు చేస్తోంది.

బాన మూత తీయగానే ఘాటుగా పులిసిన వాసన, పేడ, తడిసిన గడ్డి, సున్నం అన్నీ కలిపినట్టు. ఆయన నా చేతుల్ని బానలోకి దించలేదు, గాలి కలుస్తుందన్నారు. తనే గుడ్డ ముంచి, పిండి, నా రెండు చేతుల్లో పెట్టారు. తడిగా, గోరువెచ్చగా ఉంది. 'ఇప్పుడు చిలకపచ్చగా ఉందండి' అన్నారు, ఆ తర్వాత ఒక్క మాట కూడా మాట్లాడలేదు.

గుడ్డని ముక్కుకి దగ్గరగా పెట్టుకున్నాను. మొదటి ఊపిరికి బాన వాసన ముఖం మీద కొట్టింది. రెండో ఊపిరికి కాస్త పలచబడింది. ఊపిరి లెక్కపెట్టొద్దని ఆయన చెప్పినా నేను లెక్కపెట్టాను. ఆరు, ఏడు దగ్గర పులుపు తగ్గి, వాన వెలిశాక మిద్దె మీద వచ్చే వాసనలాంటిది మొదలైంది. తొమ్మిదో ఊపిరికి ఘాటు పోయింది. 'ఇప్పుడు' అన్నాను.

ఆయన కాసేపు పలకలేదు. 'అవునండి, మీ బొటనవేలి కింద మడత ఒక్కటే ఇంకా పచ్చగా ఉంది' అన్నారు. బొటనవేలు తీశాను.